స్లైడులో ఫోటో, బొమ్మ పెట్టడం ఎలా: సాగకుండా, మసకబారకుండా

నెలకు ఒకసారైనా నన్ను ఎవరో ఒకరు ఇవే అడుగుతుంటారు. "ఫోటో పెడితే మనుషులు లావుగా కనిపిస్తున్నారు, ఎందుకు?" "ఇంట్లో బాగానే ఉంది, హాల్లో తెర మీద మసకగా వచ్చింది." "ఫైలు తొంభై ఎంబీలు అయింది, మెయిల్లో వెళ్ళడం లేదు." అడిగేవారిలో శ్రీకాకుళం, విజయనగరం బడుల మాస్టార్లు ఉన్నారు, సెమినారు తేదీ దగ్గరపడ్డాక నిద్ర లేచిన డిగ్రీ పిల్లలున్నారు. ఒక్కొక్కరికి ఫోనులో "కుడివైపు పైన చూడండి, అక్కడ కాదు, ఇంకా పైన" అని చెప్పే ఓపిక తగ్గింది. అందుకే రాసి పెడుతున్నాను.

ఉదాహరణకు పొందూరు ఖాదీ మీద పది స్లైడులు తయారు చేస్తున్నారనుకుందాం. నేను చెప్పేది కంప్యూటర్‌లోని పవర్‌పాయింట్ గురించి. గూగుల్ స్లైడ్స్ వాడేవారికి తేడా ఉన్నచోట చెబుతాను.

కావలసినవి

- పవర్‌పాయింట్ ఉన్న కంప్యూటర్. 2016 తర్వాత వచ్చినదైతే ఇక్కడ చెప్పినవి దాదాపు అన్నీ ఉంటాయి. మెనూల పేర్లు అక్కడక్కడ కాస్త మారవచ్చు.
- ఫోటోలు అసలు సైజులో. వాట్సాప్ గ్రూపులో తిరిగి తిరిగి వచ్చినవి కాదు.
- ఒక పెన్ డ్రైవ్.
- బొమ్మ గీయాలనుకుంటే తెల్ల కాగితం, నల్ల స్కెచ్ పెన్ను.
- చూపించబోయే గదిలో ముందుగా పది నిమిషాలు. చాలామంది ఇదొక్కటే వదిలేస్తారు, తిప్పలు పడేది కూడా దీనివల్లే.

1. ముందు తెర ఆకారం తెలుసుకోండి

కొత్త స్లైడు మామూలుగా 16:9 కొలతలో తెరుచుకుంటుంది, అంటే 13.33 అంగుళాల వెడల్పు, 7.5 అంగుళాల ఎత్తు. కానీ మన బడుల్లో, పాత సమావేశ మందిరాల్లో ఇంకా 4:3 ప్రొజెక్టర్లు చాలా ఉన్నాయి. వాటి మీద వెడల్పు స్లైడు వేస్తే పైనా కిందా నల్ల పట్టీలు వచ్చి మీ ఫోటో చిన్నదవుతుంది. ప్రొజెక్టర్ ఏదో అడిగి తెలుసుకుని, "డిజైన్"లో "స్లైడ్ సైజ్" దగ్గర కొలత ఎంచుకోండి.

ఈ పని మొదటే చేయాలి. ఫోటోలన్నీ సర్దిన తర్వాత కొలత మారిస్తే ప్రతి స్లైడూ మళ్ళీ సర్దుకోవాలి.

2. ఎక్కడ ఫోటో, ఎక్కడ బొమ్మ

అందరూ తొందరపడి దాటేసేది ఇక్కడే. ఖాళీ కనిపించగానే ఏదో ఒక బొమ్మ తెచ్చి అతికిస్తారు. పొందూరు ఖాదీ స్లైడు మూలన ప్రశ్నార్థకం పక్కన తల గోక్కుంటున్న తెల్లదొర బొమ్మ నేను కళ్ళారా చూశాను. ఆయనకు ఖాదీతో ఏం పని?

నేను పాటించే లెక్క ఇది. వస్తువు ఎలా ఉంటుందో చూపాలంటే ఫోటో. పని ఎలా జరుగుతుందో చూపాలంటే గీసిన బొమ్మ. మాటల్లో చెబితే చాలనిపిస్తే రెండూ వద్దు.

పొందూరులో పత్తిని వాలుగ చేప దవడ ఎముకతో దువ్వుతారు. ఆ ఎముకకున్న సన్నని పళ్ళే దువ్వెన. ఈ సంగతి నాలుగు వాక్యాల్లో రాసినా విన్నవాళ్ళు నమ్మలేనట్టే చూస్తారు. ఆ ఎముక, పట్టుకున్న చేయి, పత్తి, ఈ మూడే ఉన్న దగ్గరి ఫోటో ఒకటి స్లైడు నిండా వేయండి. పక్కన ఒక్క మాట కూడా అక్కర్లేదు.

అదే "గింజతో ఉన్న పత్తిని దువ్వడం, గింజ తీయడం, ఏకులు చేయడం, రాట్నం మీద వడకడం, మగ్గం మీద నేయడం" అనే వరుసకు ఐదు ఫోటోలు పక్కపక్కన పెడితే ఒక్కటీ సరిగా కనిపించదు. దానికి గీతల బొమ్మలు, మధ్యలో బాణాలు కావాలి. తర్వాత ఒక్కో పనికీ ఒక్కో ఫోటో వేరే స్లైడులో పెట్టుకోవచ్చు.

మొదలుపెట్టే ముందు కాగితం మీద పది గళ్ళు గీసి, ఒక్కో గడిలో "ఫోటో", "బొమ్మ", "మాట" అని రాసుకోండి. ఐదు నిమిషాల పని.

3. ఫోటోలు సంపాదించడం

సొంతంగా తీసినవి అన్నిటికన్నా మేలు. ఫోను అడ్డంగా పట్టుకుని తీయండి. ఫోను కెమెరా సాధారణంగా 4:3లో తీస్తుంది కాబట్టి, దాన్ని 16:9 స్లైడు నిండా పరిస్తే ఎత్తులో పావు వంతు కత్తిరించాల్సి వస్తుంది. అందుకే తీసేటప్పుడే పైనా కిందా కాస్త ఖాళీ వదలండి. లేకపోతే నేత కార్మికురాలి తలో, మగ్గం గుంటలోని కాళ్ళో పోతాయి. మనుషుల ముఖాలు కనిపించేలా తీస్తే ముందే అడగండి. ఎక్కడ చూపిస్తారో కూడా చెప్పండి. ఇక అరసవల్లి లాంటి గుళ్ళలో గర్భాలయం ఫోటోలు తీయనివ్వరు. గోపురం, ప్రాకారం బయటి నుంచి తీసుకుని సరిపెట్టుకోండి.

ఫోను నుంచి కంప్యూటర్‌కు తెచ్చేటప్పుడు కేబులు వాడండి. వాట్సాప్‌లోనే పంపాలంటే ఫోటోగా కాకుండా "డాక్యుమెంట్"గా పంపండి. ఫోటోగా పంపితే వాట్సాప్ దాన్ని కుదించేస్తుంది. హాల్లో మసకగా రావడానికి సగం కారణం ఇదే. ఐఫోను ఫోటోలు కంప్యూటర్‌లో తెరుచుకోకపోతే, ఫోను సెట్టింగ్స్‌లో కెమెరా, అందులో ఫార్మాట్స్, అక్కడ "మోస్ట్ కంపాటబుల్" పెట్టి కొత్తగా తీయండి.

సొంతవి లేకపోతే వికీమీడియా కామన్స్ అనే ఉచిత ఫోటోల సైటులో వెతకండి. శ్రీకూర్మం, శాలిహుండం, ముఖలింగం, విజయనగరం కోట, ఇలా మన రెండు జిల్లాల ఫోటోలు చాలానే ఉన్నాయి. ప్రతి ఫోటో కింద దాన్ని ఏ షరతు మీద వాడుకోవచ్చో రాసి ఉంటుంది. ఎక్కువ వాటికి తీసినవారి పేరు వేయాలి. స్లైడు అడుగున చిన్న అక్షరాల్లో పేరు, లైసెన్సు వేస్తే సరిపోతుంది. గూగుల్ బొమ్మల్లో వెతికితే "టూల్స్"లో "యూసేజ్ రైట్స్" దగ్గర క్రియేటివ్ కామన్స్ (షరతుల మీద ఇతరులను వాడుకోనిచ్చే లైసెన్సులు) ఎంచుకోండి.

రెండు హెచ్చరికలు.

గూగుల్ ఫలితాల్లో కనిపించే చిన్న బొమ్మను అక్కడికక్కడే కాపీ చేయకండి. అది నమూనా మాత్రమే. అసలు పేజీకి వెళ్ళి పెద్దది దించుకోండి.

దొరికిన ఫోటో నిజంగా ఆ ఊరిదేనా అని చూడండి. కళింగపట్నం పేరుతో సముద్రంలోకి సూర్యుడు దిగిపోతున్న ఫోటో ఒక విద్యార్థి స్లైడులో చూశాను. "సూర్యాస్తమయం" అని శీర్షిక కూడా పెట్టాడు. మన సముద్రం తూర్పున ఉంది నాయనా, అందులోంచి సూర్యుడు లేస్తాడే గాని దిగడు. కృత్రిమ మేధతో తయారయ్యే బొమ్మలతోనూ ఇదే తంటా. అరసవల్లి గుడి అడిగితే ఎక్కడా లేని గుడి కట్టి ఇస్తుంది, దాని మీద తెలుగు అక్షరాలు కూడా తప్పుల తడకగా చెక్కుతుంది. ఉన్న చోటును చూపడానికి అలాంటి బొమ్మ వాడకండి.

4. స్లైడులోకి తేవడం

ఫోటోలన్నీ ఒకే ఫోల్డర్‌లో పెట్టి, "01-పత్తి", "02-దవడ ఎముక" అని పేర్లు మార్చుకోండి. తర్వాత "ఇన్సర్ట్"లో "పిక్చర్స్", అందులో "దిస్ డివైస్" నొక్కి ఫైలు ఎంచుకోండి. గూగుల్ స్లైడ్స్‌లో "ఇన్సర్ట్", "ఇమేజ్", "అప్‌లోడ్".

ఫైలు ఎంచుకునే చోట "ఇన్సర్ట్" బొత్తాం పక్కన చిన్న బాణం ఉంటుంది. అందులో "లింక్ టు ఫైల్" పొరపాటున నొక్కారంటే ఫోటో మీ కంప్యూటర్‌లోనే ఉండిపోతుంది, స్లైడులో దాని చిరునామా మాత్రమే ఉంటుంది. ఇంట్లో చూస్తే బ్రహ్మాండంగా కనిపిస్తుంది. పెన్ డ్రైవ్‌లో తీసుకెళ్ళి హాల్లో తెరిస్తే ఫోటో ఉండాల్సిన చోట ఎర్రటి ఇంటూ గుర్తు. "నా ఫోటోలు అక్కడ మాయమయ్యాయి" అనేవారిలో కొందరి కథ ఇదే.

5. సైజు మార్చడం, కత్తిరించడం

ఫోటోను నొక్కితే చుట్టూ ఎనిమిది చుక్కలు వస్తాయి. మూలల్లో ఉన్న నాలుగు మాత్రమే మీవి. పక్కల మధ్యలో ఉన్న నాలుగింటి జోలికి వెళ్ళకండి. వాటిని లాగితే ఫోటో ఒకవైపే సాగుతుంది. అడ్డంగా సాగితే విజయనగరం గంటస్తంభం దిమ్మలా కూర్చుంటుంది. నిలువుగా సాగితే బొబ్బిలి వీణ తంబూరా అవుతుంది. నా మొదటి శిక్షణ తరగతిలో నేనూ ఈ పని చేశాను. ఒక పెద్దాయన వేదిక మీదున్న ఫోటోనే సాగదీశాను, ఆయన ముందు వరుసలోనే కూర్చుని చూశారు.

ఇప్పటికే సాగిపోయిందా? ఫోటో నొక్కి, పైన "పిక్చర్ ఫార్మాట్"లో "రీసెట్ పిక్చర్" పక్క బాణంలో "రీసెట్ పిక్చర్ అండ్ సైజ్" ఎంచుకోండి. అసలు ఆకారం తిరిగి వస్తుంది.

చోటుకు సరిపడకపోతే సాగదీయకుండా కత్తిరించాలి. "క్రాప్" కింది బాణంలో "ఆస్పెక్ట్ రేషియో" అని ఉంటుంది. స్లైడు నిండా కావాలంటే 16:9 (మీ స్లైడు 4:3 అయితే 4:3) ఎంచుకోండి. ఫోటో మీద గడి వస్తుంది. గడిని కదపకుండా లోపలి ఫోటోను జరుపుతూ, ముఖ్యమైనది గడిలో పడేలా చేసి బయట నొక్కండి.

గట్టిగా గుర్తుంచుకోవలసిన మాట: క్రాప్ చేసిన భాగం ఫైలులోంచి పోదు, కనపడకుండా దాక్కుంటుంది అంతే. ఆధార్ కార్డు నంబరో, మార్కుల జాబితాలో మిగతా పిల్లల పేర్లో కత్తిరించామని నిశ్చింతగా ఫైలు పంచిపెడితే, అందుకున్నవారు మళ్ళీ "క్రాప్" నొక్కి అన్నీ చూడవచ్చు. దాన్ని పూర్తిగా తీసేయడం ఎనిమిదో మెట్టులో చెప్పాను.

6. బొమ్మలు, బాణాలు

పత్తి నుంచి బట్ట దాకా ఐదు దశల వరుస ఇక్కడ తయారు చేద్దాం. మూడు దారులున్నాయి.

తేలికైనది "ఇన్సర్ట్"లో "ఐకాన్స్". చేయి, దారం, బట్ట వంటి గుర్తులు దొరుకుతాయి. ఎంత పెంచినా మసకబారవు, రంగు మార్చుకోవచ్చు. కానీ రాట్నం, మగ్గం మనకు కావలసిన రూపంలో దొరుకుతాయని ఆశ పెట్టుకోకండి.

రెండోది "షేప్స్"తో గీయడం. వృత్తాలు, గీతలు కలిపితే రాట్నం వచ్చేస్తుంది. పూర్తయ్యాక ముక్కలన్నీ ఎంచుకుని కంట్రోల్, జి నొక్కితే ఒక్క బొమ్మగా కలిసిపోతాయి. కలపకపోతే జరిపినప్పుడు చక్రం ఒకచోట, కదురు ఒకచోట.

మూడోది, నాకు బాగా ఇష్టమైనది, కాగితం మీద చేత్తో గీయడం. తరగతిలో చక్కగా గీసే పిల్లలు ఒకరిద్దరైనా ఉంటారు, వాళ్ళకు అప్పగించండి. నల్ల స్కెచ్ పెన్నుతో లావు గీతలుండాలి. పెన్సిలు గీత తెర మీద కనిపించదు. ఫోనులోని స్కాన్ యాప్‌లో నలుపు-తెలుపుగా మార్చి బొమ్మగా దాచుకోండి. మామూలు ఫోటో తీస్తే కాగితం తెల్లగా రాదు, ఒకవైపు బూడిద రంగు నీడ పడుతుంది. స్లైడులో పెట్టాక "పిక్చర్ ఫార్మాట్", "కలర్", "సెట్ ట్రాన్స్‌పరెంట్ కలర్" నొక్కి, బొమ్మలోని తెలుపు మీద నొక్కండి. కాగితం మాయమై గీతలు మిగులుతాయి. ఇది ఒకే ఒక్క రంగును తీసేస్తుంది కాబట్టే ముందు నలుపు-తెలుపు చేయమన్నాను.

ఐదు బొమ్మలూ పెట్టాక షిఫ్ట్ పట్టుకుని అన్నీ ఎంచుకోండి. "అలైన్"లో మొదట "అలైన్ మిడిల్", తర్వాత "డిస్ట్రిబ్యూట్ హారిజాంటలీ" నొక్కండి. ఒకే వరుసలో సమాన దూరంలో నిలబడతాయి. కంటి అంచనాతో జరుపుతూ కూర్చోకండి.

ఒకే స్లైడులో గీసిన బొమ్మ, ఫోటో, మెరిసే ఐకాన్ మూడూ కలపకండి. సంతలో దుకాణంలా ఉంటుంది. బొమ్మలు ఎగిరి, తిరిగి, గంతులేసి రావడం కూడా వద్దు. ఒక్కో దశ వరుసగా కనిపించాలంటే "యానిమేషన్స్"లో "అప్పియర్" ఒక్కటి చాలు.

7. ఫోటో మీద తెలుగు అక్షరాలు

ఫోటో మీద నేరుగా రాస్తే సగం అక్షరాలు కనిపించవు. అక్షరాల కింద నల్లటి పట్టీ గీసి, దాని మీద కుడి బొత్తాం నొక్కి, "ఫార్మాట్ షేప్"లో "ట్రాన్స్‌పరెన్సీ" 30 నుంచి 40 దాకా పెట్టండి. దాని మీద తెల్ల అక్షరాలు వేయండి. అంతే.

అసలు గొడవ ఫాంట్లతో. డీటీపీ దుకాణంలో అను ఫాంట్‌తో కొట్టించిన తెలుగు, ఆ ఫాంట్ లేని కంప్యూటర్‌లో అర్థంలేని గుర్తులుగా మారిపోతుంది. యూనికోడ్ తెలుగు, అంటే ఫోనుల్లో, వెబ్‌సైట్లలో కనిపించే తెలుగు, వాడితే ఆ బాధ ఉండదు. గూగుల్ ఫాంట్స్‌లో తెలుగు ఫాంట్లు ఉచితంగా దొరుకుతాయి. వాటిలో గిడుగు, గురజాడ పేర్లతో కూడా ఉన్నాయి. ఒకరు శ్రీకాకుళం పక్కన పర్వతాలపేటలో పుట్టినవారు, మరొకరి ఇల్లు విజయనగరంలో ఇప్పటికీ ఉంది. మన స్లైడులకు ఇంతకన్నా దగ్గరివాళ్ళు ఎవరుంటారు? రెండూ శీర్షికల్లాంటి పెద్ద అక్షరాలకు నప్పుతాయి.

కొత్త ఫాంట్ వాడితే "ఫైల్", "ఆప్షన్స్", "సేవ్"లో "ఎంబెడ్ ఫాంట్స్ ఇన్ ది ఫైల్" దగ్గర టిక్కు పెట్టండి. అను అక్షరాలే తప్పనిసరి అయితే, ఆ పెట్టెను కాపీ చేసి "పేస్ట్ స్పెషల్"లో బొమ్మగా అతికించండి. తర్వాత అక్షరం దిద్దలేరు కాబట్టి, అసలు పెట్టె ఉన్న ఫైలును వేరే పేరుతో దాచుకోండి.

8. బరువు తగ్గించడం

ఫోను ఫోటో ఒక్కోటి మూడు నుంచి ఐదు ఎంబీలుంటుంది. ఇరవై ఫోటోలు పెడితే ఫైలు ఎంతవుతుందో మీరే లెక్క వేయండి. జీమెయిల్ 25 ఎంబీలు దాటితే జత చేయనివ్వదు.

ముందు ఫైలును వేరే పేరుతో ఒక నకలు దాచుకోండి, ఎందుకంటే ఈ పని వెనక్కి తిప్పలేరు. తర్వాత ఏదైనా ఫోటో నొక్కి, "పిక్చర్ ఫార్మాట్"లో "కంప్రెస్ పిక్చర్స్" తెరవండి.

- "అప్లై ఓన్లీ టు దిస్ పిక్చర్" దగ్గర టిక్కు తీసేయండి. ఉంచితే ఒక్క ఫోటోనే తగ్గుతుంది. "కంప్రెస్ చేశాను, ఏమీ తగ్గలేదు" అనేవారు మరచేది ఇదే.
- "డిలీట్ క్రాప్డ్ ఏరియాస్" దగ్గర టిక్కు ఉంచండి. ఐదో మెట్టులో దాక్కున్న ముక్కలు ఇప్పుడు నిజంగా పోతాయి.
- కింద 150 పీపీఐ (అంగుళానికి 150 చుక్కలు) ఎంచుకోండి. 13.33 అంగుళాల స్లైడుకు అది రెండు వేల చుక్కల వెడల్పు ఇస్తుంది, మామూలు ప్రొజెక్టర్‌కు చాలు. 96 పెడితే పెద్ద టీవీ మీద తేడా తెలిసిపోతుంది.

పోస్టరుగా అచ్చు వేయించే ఆలోచన ఉంటే, కంప్రెస్ చేయని నకలే ఇవ్వండి.

9. సరిగా వచ్చిందా, ఎలా చూడాలి

ఎఫ్5 నొక్కి పూర్తి తెర మీద చూడండి. ఎడిటింగ్ తెరలో అంతా అందంగానే ఉంటుంది, దాన్ని నమ్మకండి. ఫోటో అంచులు గళ్ళుగళ్ళుగా కనిపిస్తే ఆ ఫోటో చిన్నది. వేరేది వెతకండి. ఫోటో మీద కుడి బొత్తాం నొక్కి "చేంజ్ పిక్చర్" ఎంచుకుంటే, కొత్తది పాతదాని చోటులోనే కూర్చుంటుంది, మళ్ళీ సర్దే పని తక్కువ.

తర్వాత గదికి వెళ్ళి ప్రొజెక్టర్ మీద వేయండి. కిటికీలకు తెరలు లేని తరగతి గదిలో మధ్యాహ్నం పూట చీకటి ఫోటోలు అసలు కనిపించవు. మగ్గం గదుల లోపల తీసినవి ఎక్కువగా చీకటిగానే ఉంటాయి. "కరెక్షన్స్"లో వెలుగు పెంచండి. ఇంటి తెర మీద కాస్త ఎక్కువైందనిపించేంత పెంచితే ఆ గదిలో సరిగ్గా ఉంటుంది.

చివరి బెంచీలో కూర్చోండి. స్లైడు తయారీలో లేని పిల్లవాణ్ణి ఒకణ్ణి పక్కన కూర్చోబెట్టుకుని, ఒక్కో ఫోటో చూపి "ఇది ఏమిటి?" అని అడగండి. శీర్షిక చదివి కాదు, బొమ్మ చూసి చెప్పాలి. దవడ ఎముక ఫోటో చూసి ఒకడు "దువ్వెన" అన్నాడు. ఆ ఫోటోను అలాగే ఉంచాం. మగ్గం ఫోటో చూసి "మంచం" అన్నాడు. దాన్ని తీసేసి, నేస్తున్న మనిషి కూడా పడేలా మళ్ళీ తీయించాం.

ఫైలు అందరికీ పంచేదైతే ఒక్కో ఫోటో మీద కుడి బొత్తాం నొక్కి "ఆల్ట్ టెక్స్ట్"లో ఒక వాక్యం రాయండి. చూపు లేనివారికి కంప్యూటర్ ఆ వాక్యాన్నే చదివి వినిపిస్తుంది.

ఆఖరుగా పెన్ డ్రైవ్‌లో మూడు పెట్టుకోండి: స్లైడుల ఫైలు, దాని పీడీఎఫ్ నకలు, ఫోటోల ఫోల్డర్. హాల్లోని కంప్యూటర్‌లో పవర్‌పాయింట్ మొరాయిస్తే పీడీఎఫ్ తెరిచి చెప్పుకుపోవచ్చు. యానిమేషన్లు ఉండవు గాని ఫోటోలు, అక్షరాలు పెట్టినచోటే ఉంటాయి. పీడీఎఫ్ చేసేది మాత్రం మీ కంప్యూటర్‌లోనే, ఇల్లు కదలక ముందే.